పెళ్లి వీడియోల నుంచి అడవి డాక్యుమెంటరీల వైపు: 4 లక్షలు ఎక్కడ పెట్టాలి, ఎక్కడ మొదలుపెట్టాలి

మీ ప్రశ్న సారాంశం ఇది. కర్నూలులో పెళ్లి వీడియోలు తీస్తున్నారు. ఫుల్‌ఫ్రేమ్ మిర్రర్‌లెస్ కెమెరా, 24-70 లెన్స్, గింబల్ ఉన్నాయి. 4 లక్షలు దాచారు. అడవులు, కొండలు, సాహసయాత్రల మీద డాక్యుమెంటరీలు తీయడం వృత్తిగా చేసుకోవాలనుంది. ఆ డబ్బుతో 600 ఎం.ఎం. లెన్స్ కొనాలా, ఫిల్మ్ కోర్సులో చేరాలా, హిమాలయాలకు వెళ్లి మొదటి సినిమా తీసేయాలా అని అడిగారు.

నా సలహా ఈ మూడింటిలో ఏదీ కాదు. మీ ఊరికి గంటా గంటన్నర దూరంలో ఉన్న ఒక్క చోటు ఎంచుకుని, రెండేళ్లపాటు అక్కడికే వెళ్లిరండి. డబ్బులో సగం పరికరాలకు, మిగతా సగం ఆ తిరుగుడుకు పెట్టండి. హిమాలయాలకు మొదటిసారి వెళ్లినవాళ్లకు అందరికీ దొరికే దృశ్యాలే దొరుకుతాయి. అలాంటి ఫుటేజ్ కొనేవాళ్ల దగ్గర గుట్టలుగా ఉంది. ఒక జంతువు ఏ వేళకు ఏ దారిన వస్తుందో, ఏ నెలలో ఏం చేస్తుందో మీకు మాత్రమే తెలిసిన చోటు ఉంటే, ఆ ఫుటేజ్ మీ దగ్గర తప్ప ఇంకెక్కడా ఉండదు. ఈ వృత్తిలో కొత్తవాళ్ల చేతిలో ఉండే బలం అదొక్కటే.

మీకైతే రోళ్లపాడు ఉంది. 1988లో బట్టమేక పిట్ట (గ్రేట్ ఇండియన్ బస్టర్డ్) కోసమే 6.14 చదరపు కిలోమీటర్ల గడ్డి మైదానాన్ని అభయారణ్యంగా ప్రకటించారు. ఆ పిట్ట ఇప్పుడక్కడ కనిపించడం లేదు. కృష్ణజింకలు మాత్రం నిలదొక్కుకుని చుట్టుపక్కల చేలలోకి దిగుతున్నాయి. రైతుకు నష్టం, అటవీ శాఖకు తలనొప్పి. గొర్రెల మందల వెంట తోడేళ్లు తిరుగుతాయి. చలికాలంలో వేల కిలోమీటర్ల అవతలి నుంచి హ్యారియర్ గద్దలు వచ్చి, రాత్రిపూట గడ్డిలో నేల మీదే గుంపుగా పడుకుంటాయి. ఒక పిట్టను కాపాడటానికి కంచె వేసిన నేలలో ఆ పిట్టే లేకుండా పోయింది. ఎందుకు పోయింది, ఇప్పుడు ఆ నేల ఎవరికి ఆసరా, ఎవరికి బరువు? 25 నిమిషాల సినిమాకు కావలసిన ప్రశ్న ఇందులో ఉంది. పులి కోసం నల్లమల లోపలికి వెళ్లనవసరం లేదు. దట్టమైన అడవిలో పులిని తీయాలంటే అనుమతులు, వాహనం, ట్రాకర్లు, నెలల కొద్దీ ఓపిక కావాలి. మైదానంలో కనీసం జంతువు కనిపిస్తుంది, దాని ప్రవర్తనను మీరు నేర్చుకోగలరు.

పెళ్లి పని మానేయకండి. అది మీకు అడ్డం కాదు, ఆధారం. మన పంచాంగమే మీ షూటింగ్ షెడ్యూల్ రాసిపెట్టింది. డిసెంబర్ మధ్య నుంచి సంక్రాంతి దాకా ధనుర్మాసం, ఆ పక్కనే పుష్యం. ముహూర్తాలు ఉండవు. సరిగ్గా అప్పుడే హ్యారియర్లు మైదానంలో ఉంటాయి, తోడేళ్లు పిల్లల్ని సాకుతుంటాయి, వెలుతురు రోజంతా మెత్తగా ఉంటుంది. ఆషాఢంలో తొలకరి పడి నేల రంగు మారుతుంది. భాద్రపదంలో గడ్డి ఎత్తుగా నిలిచి, మైదానం వేరే ఊరిలా కనిపిస్తుంది. మూఢం వస్తే ఆ రోజులు అదనం. ఏడాదికి మూడు విడతలు, విడతకు 8 నుంచి 12 రోజులు వేసుకోండి. ఒకే చెట్టు, ఒకే కుంట, ఒకే బాట మూడు కాలాల్లోనూ ఒకే ఫ్రేమ్‌లో తీయండి. ట్రైపాడ్ కాళ్లు పెట్టిన చోట రాళ్లు గుర్తుపెట్టి, లెన్స్ ఎన్ని ఎం.ఎం.లో ఉందో, కెమెరా ఎంత ఎత్తులో ఉందో రాసుకోండి. ఎడిటింగ్‌లో ఆ మూడు షాట్లు పక్కపక్కన పడితే ఏడాది గడిచిందని వ్యాఖ్యానంలో చెప్పనక్కర్లేదు.

ఇప్పుడు డబ్బు. 4 లక్షల్లో ఇంచుమించు 80 వేల నుంచి లక్ష దాకా ఒక 150-600 లేదా 100-400 లెన్స్‌కు, అదీ సెకండ్‌హ్యాండ్‌లో. 50 వేలు ట్రైపాడ్‌కు, దాని మీద కెమెరాను కుదుపు లేకుండా తిప్పే ఫ్లూయిడ్ హెడ్‌కు. 40 వేలు సౌండ్‌కు. హార్డ్‌డిస్కులకు 25 వేలు. మిగిలింది పెట్రోలు, బస, భోజనం, స్థానిక సహాయకుల కూలీ, అనుమతి రుసుములు. 600 ఎం.ఎం. ఎఫ్4 లాంటి ఖరీదైన లెన్స్ ఏడాదిలో పది రోజులే కావాలి. దాన్ని హైదరాబాద్‌లో రోజు అద్దెకు తెచ్చుకోవచ్చు.

లెన్స్ ఎంత దూరం లాగుతుందో ముందే లెక్కేసుకోండి. ఫుల్‌ఫ్రేమ్‌లో సెన్సర్ వెడల్పు 36 మిల్లీమీటర్లు. 600 ఎం.ఎం.తో 100 మీటర్ల దూరంలో ఫ్రేమ్ వెడల్పు 6 మీటర్లు, ఎత్తు సుమారు 3.4 మీటర్లు. కృష్ణజింక భుజం ఎత్తు 80 సెంటీమీటర్ల దరిదాపు. అంటే ఫ్రేమ్ ఎత్తులో అది నాలుగో వంతు. కెమెరాను క్రాప్ మోడ్‌లో (సెన్సర్ మధ్య భాగాన్నే వాడే పద్ధతిలో) పెడితే వెడల్పు 4 మీటర్లకు వస్తుంది, జింక మూడో వంతు దాటుతుంది. అంతకన్నా దగ్గర కావాలంటే లెన్స్ పెంచడం కాదు, జంతువు దారి తెలుసుకుని ముందే అక్కడ కూర్చోవడం మార్గం. పెద్ద లెన్స్ కొనవద్దనడానికి ఇంకో బలమైన కారణం ఎండ. నేల వేడెక్కగానే దాని మీది గాలి పొరలు రకరకాల సాంద్రతతో కదులుతూ వెలుతురును వంచుతాయి. పొద్దెక్కిన రెండు గంటలకే, వేసవిలో ఇంకా ముందే, 150 మీటర్ల అవతలి జంతువు నీళ్లలో ఉన్నట్టు వణుకుతుంది. చాలామంది ఫోకస్ తప్పిందనుకుని లెన్స్‌ను రిపేరుకు పంపిస్తారు. లెన్స్‌లో లోపం ఉండదు. ఆ వణుకును ఏ సాఫ్ట్‌వేరూ సరిగ్గా బాగు చేయలేదు. చేయగలిగింది మూడు పనులు: తెల్లవారుజామున తీయడం, మబ్బు పట్టిన రోజును, వాన వెలిసిన మర్నాడును వదులుకోకపోవడం, దూరం తగ్గించుకోవడం. 10 నుంచి 3 గంటల మధ్య కెమెరా పక్కన పెట్టి ఇంటర్వ్యూలు, ఊరి దృశ్యాలు చూసుకోండి.

ట్రైపాడ్ మీద పొదుపు చేయకండి. ఫొటోల కోసం చేసిన బాల్‌హెడ్ మీద 600 ఎం.ఎం.తో ప్యాన్ చేస్తే ప్రతి వణుకూ తెర మీద కనిపిస్తుంది. 75 ఎం.ఎం. బౌల్ ఉన్న కాళ్లు, ఫ్లూయిడ్ హెడ్ తీసుకోండి. కెమెరా, లెన్స్ కలిపి 3 కిలోలు ఉంటే, 5 కిలోల పైన మోయగల హెడ్ కావాలి. కౌంటర్ బ్యాలెన్స్ సరిచూసుకోండి: హ్యాండిల్ వదిలేస్తే లెన్స్ ముందుకు వాలిపోకూడదు, వెనక్కి లేవకూడదు. మధ్య కాలమ్ ఎత్తవద్దు. గాలి ఉంటే కాళ్లు కురచ చేసి, కింద నీళ్ల డబ్బా వేలాడదీయండి, అది నేలకు తగిలీ తగలనట్టు ఉండాలి. కారు కిటికీలోంచి తీయడానికి గుడ్డ సంచీ చాలు. ఖాళీగా తీసుకెళ్లి, ఊళ్లో రెండు మూడు కిలోల జొన్నలు కొని నింపుకోండి. రికార్డింగ్ అప్పుడు ఇంజన్ ఆపాలి, ఏసీ కూడా.

పెళ్లి పనిలో అలవాటైన కొన్నిటిని ఇక్కడ వదిలేయాలి. గింబల్‌తో నిరంతరం కదలడం, ప్రతిదీ స్లోమోషన్‌లో తీయడం, సౌండ్ ఎలా ఉన్నా పైన పాట వేసేయడం. జంతువును తీసేటప్పుడు ఫ్రేమ్ కదలకూడదు, జంతువు కదలాలి. ప్రతి షాట్ కనీసం 10 సెకన్లు పట్టండి. జంతువు ఫ్రేమ్‌లోంచి బయటికి నడిచిపోయాక కూడా మూడు సెకన్లు ఆగండి. ఎడిటర్‌కు కట్ చేసే చోటు అక్కడే దొరుకుతుంది. ఒక ప్రవర్తన దొరికితే వైడ్, మిడ్, క్లోజ్, దాని చుట్టూ ఉన్న చిన్న వివరాలు, అన్నీ తీయాలి: గిట్టలు, చెవులు, తొక్కిన గడ్డి, పైన ఎగిరే పిట్ట. ఒక్క అద్భుతమైన క్లోజప్‌తో సన్నివేశం కట్టలేం. 25 ఫ్రేముల దగ్గర షట్టర్ 1/50, ఎండలో వెలుతురు తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ తప్పదు. 100 ఫ్రేములు పరుగుకు, ఎగరడానికి మాత్రమే. చాలా కెమెరాల్లో స్లోమోషన్ మోడ్‌లో సౌండ్ రికార్డు కాదని గుర్తుంచుకోండి. కెమెరా కన్ను జంతువు కన్ను ఎత్తులో ఉండాలి. నిలబడి తీసిన జింక, సఫారీ టూరిస్టు ఫొటోలాగే ఉంటుంది.

సౌండ్ దగ్గరే కొత్తవాళ్ల సినిమాలు ఎక్కువగా ఓడిపోతాయి. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో రికార్డు చేసే చిన్న రికార్డర్, ఒక షాట్‌గన్ మైక్, దానికి బొచ్చు తొడుగు. నురగ తొడుగు మైదానం గాలికి ఆగదు. మాటల్లో గరిష్ఠ స్థాయి మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఉంచండి. ఎక్కడ షూట్ చేసినా, మనుషులు మాట్లాడకుండా రెండు నిమిషాలు ఆ చోటి సౌండ్ విడిగా తీయండి. తెల్లవారుజామున ఒకటి, మిట్టమధ్యాహ్నం ఒకటి, పొద్దుగూకాక ఒకటి. 100 మీటర్ల దూరంలోని జింక అడుగుల చప్పుడు ఏ మైకుకూ అందదు. అదే గడ్డిలో మీరు నడిచి రికార్డు చేసింది తర్వాత కలుపుతారు. ఇది ఈ రంగంలో అందరూ చేసేదే. కాకపోతే ఆ చోటిది, ఆ కాలానిదే కలపండి. చలికాలపు దృశ్యం మీద వానాకాలపు పిట్ట కూత పడితే పక్షుల సంగతి తెలిసినవాళ్లు వెంటనే పట్టేస్తారు, ఆ తర్వాత సినిమాలో మరేదీ నమ్మరు.

అనుమతుల సంగతి చాలామంది చివరికి వదిలేస్తారు. మీరు దానితోనే మొదలుపెట్టండి. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంలో 28వ సెక్షన్ కింద అభయారణ్యంలోకి ఫొటోగ్రఫీ, చిత్రీకరణ కోసం వెళ్లడానికి చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్ అనుమతి ఇస్తారు. 2022 సవరణ ప్రకారం, చిత్రీకరణ వల్ల జంతువుల ఆవాసానికి మార్పు గానీ హాని గానీ జరగకూడదు. టికెట్ కొనుక్కుని సఫారీలో వెళ్లి తీసుకున్నది వేరు, సినిమా కోసం తీయడం వేరు. దరఖాస్తులో ఒక పేజీ సారాంశం, తేదీలు, ఏ బీట్‌లో (అటవీ శాఖ విభజించుకున్న చిన్న ప్రాంతంలో) ఏం తీస్తారు, సిబ్బంది పేర్లు, గుర్తింపు కార్డులు, పరికరాల జాబితా సీరియల్ నంబర్లతో, వాహనం నంబరు, డ్రోన్ ఉందా లేదా అన్నది ఉండాలి. పూర్తయిన సినిమా కాపీ శాఖకు ఇస్తామని రాయండి. రుసుము, డిపాజిట్ ఎంతో ఆ డివిజన్ కార్యాలయంలోనే కనుక్కోండి. దరఖాస్తు ఇచ్చి ఊరుకుంటే కదలదు. డివిజన్ అటవీ అధికారిని (డీఎఫ్‌ఓ), రేంజ్ ఆఫీసర్‌ను స్వయంగా కలవాలి. డిసెంబర్‌లో షూటింగ్ కావాలంటే ఆగస్టులో పెట్టండి. తారీఖులకు అటూ ఇటూ పది రోజులు అదనంగా అడగండి. వాన పడినా, గద్దలు ఆలస్యంగా వచ్చినా మళ్లీ మొదటి నుంచి రాయనక్కర్లేకుండా ఉంటుంది.

అనుమతి వచ్చేదాకా ఖాళీగా కూర్చోనక్కర్లేదు. అభయారణ్యం గీత బయట పట్టా పొలాల్లో రైతు ఒప్పుకుంటే చాలు, అక్కడి కృష్ణజింకలనూ తోడేళ్లనూ తీయొచ్చు. అయితే జంతువుకు చట్టం ఇచ్చే రక్షణ పొలంలోనూ అంతే ఉంటుంది. ఆ చట్టంలో వేట అన్న మాట నిర్వచనం చదవండి: ఎర వేయడం, తరమడం, గూళ్లనూ గుడ్లనూ కదిలించడం అన్నీ అందులోకే వస్తాయి. తోడేలు కోసం చచ్చిన గొర్రెను తెచ్చి పడేయడం, గుంపు పరుగెత్తే షాట్ కోసం జింకలను బైకు మీద తోలడం మామూలు తప్పులు కావు, కేసులయ్యే పనులు. గూడు కనిపించడానికి అడ్డొచ్చిన కొమ్మ కూడా కొట్టకూడదు. నీడ పోతే ఎండకు పిల్లలు చస్తాయి, గూడు బయటపడితే కాకులు వస్తాయి. పిట్ట కూతను ఫోనులో వినిపించి రప్పించడం మానుకోండి. తోడేలు గుహ ఎక్కడుందో తెలిసినా దగ్గరికి పోవద్దు, ఎవరికీ చెప్పవద్దు. తల్లి పిల్లల్ని వేరే చోటికి మార్చుకోవలసి వస్తుంది, లేదా గొర్రెలు పోయిన కోపంలో ఉన్నవాళ్లు ఆ గుహకు పొగ పెడతారు. ఇంటర్నెట్‌లో పెట్టే ముందు వీడియోలో, ఫొటోలో ఉన్న జీపీఎస్ వివరాలు తీసేయండి.

డ్రోన్ గురించి అడగలేదు గానీ అడుగుతారు. 2021 డ్రోన్ నిబంధనల ప్రకారం 250 గ్రాముల లోపువి నానో, అక్కడి నుంచి 2 కిలోల దాకా మైక్రో. గ్రీన్ జోన్‌లో, అంటే ముందస్తు అనుమతి అక్కర్లేని ప్రాంతంలో, 400 అడుగుల ఎత్తు దాకా ఎగరవేయొచ్చు. మైక్రో డ్రోన్‌ను వ్యాపారానికి వాడాలంటే రిమోట్ పైలట్ సర్టిఫికెట్ కావాలి. విదేశీ డ్రోన్ల దిగుమతిని 2022 ఫిబ్రవరి నుంచి నిషేధించారు, కాబట్టి ఎవరో దుబాయ్ నుంచి తెస్తామంటే ఒప్పుకోకండి. ఇవన్నీ సరిగ్గా ఉన్నా, అభయారణ్యంలో డ్రోన్‌కు అటవీ శాఖ అనుమతి విడిగా ఉండాలి. హ్యారియర్లు వాలే చోట మాత్రం అనుమతి ఉన్నా ఎగరవేయకండి. పొద్దుగూకే వేళ ఒకసారి బెదిరితే ఆ గుంపు చీకట్లో మళ్లీ చోటు వెతుక్కోవాలి.

దగ్గరగా తీయాలంటే హైడ్ కావాలి. అంటే మట్టి రంగు గుడ్డతో కట్టిన చిన్న గూడారం, లోపల స్టూలు, లెన్స్‌కు రంధ్రం. మొదటి రోజే అందులో కూర్చోకూడదు. ఖాళీగా రెండు మూడు రోజులు అక్కడే ఉంచాలి, జంతువులకు అలవాటు కావాలి. వెలుతురు రాకముందే లోపలికి వెళ్లి, ఎండ ముదిరాక, జంతువులు దూరం వెళ్లాకే బయటికి రావాలి. పిట్టల దగ్గరైతే ఇద్దరు కలిసి వెళ్లి, ఒకరు లోపల ఉండిపోయి రెండో మనిషి అందరికీ కనబడేలా నడిచిపోవాలి. మనిషి వెళ్లిపోయాడని అవి స్థిమితపడతాయి. జంతువు వస్తే తనంతట తానే రికార్డు చేసే కెమెరా ట్రాప్ పెడితే, దాని సెన్సర్ చుట్టూ ఉన్న గాలికీ జంతువు ఒంటికీ మధ్య వేడి తేడాను పట్టి పనిచేస్తుందని గుర్తుంచుకోండి. ఏప్రిల్, మే నెలల్లో మన దగ్గర మధ్యాహ్నం గాలి, జంతువు ఒళ్లు ఇంచుమించు ఒకే వేడిలో ఉంటాయి. జంతువు ఎదురుగా నడిచినా కెమెరా మేల్కోదు. అదే సమయంలో ఎండకు కాగిన గడ్డిపోచ ఊగితే వందల ఖాళీ క్లిప్పులు నిండుతాయి. మోకాలి ఎత్తులో, ఉత్తరం వైపు తిప్పి, ముందున్న ఎండుగడ్డి వంచి పెట్టండి. ఇదీ అనుమతి లేకుండా అడవిలో పెట్టకూడదు.

అక్కడి మనుషుల గురించి ఎంత చెప్పినా తక్కువే. 1848లో లోకానికి తెలిసిన కలివి కోడి అనే పిట్ట, 1900 తర్వాత కనిపించక అంతరించిందనుకున్నారు. 1986 జనవరిలో కడప జిల్లా సిద్ధవటం ప్రాంతంలో మళ్లీ దొరికింది. నిపుణుల వెతుకులాట ఫలించింది రాత్రిళ్లు ఆ పొదల్లో తిరిగే స్థానికుల సాయంతోనే. ఆ తర్వాత ఆ పిట్ట కోసం శ్రీలంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పడింది. మీ మైదానంలోనూ అంతే. తోడేలు నిన్న రాత్రి ఎటు పోయిందో గొర్రెల కాపరికి తెలుస్తుంది, రేంజ్ ఆఫీసులోని మ్యాపుకు తెలియదు. మొదటి విడతలో కెమెరా తీయకుండా మందతోపాటు నడవండి. వాళ్లను దారి చూపే మనుషులుగా వాడుకుంటే రోజు కూలి ఇవ్వండి, ఆ ఊళ్లో వ్యవసాయ కూలి కన్నా తక్కువ కాకుండా. సినిమాలో కనిపించేవాళ్ల నుంచి తెలుగులో రాసిన అంగీకార పత్రం తీసుకోండి. చదవడం రానివారికి చదివి వినిపించి, వాళ్లు ఒప్పుకున్న మాటను కెమెరాలోనే రికార్డు చేయండి. గొర్రెలు పోయిన కాపరి కోపంగా మాట్లాడితే ఆ మాటను ఉన్నదున్నట్టు సినిమాలో ఉంచండి. తోడేలును ప్రేమించే సినిమా కాపరిని దొంగగా చూపిస్తే, రెండో విడతకు ఆ ఊళ్లోకి మీకు దారి ఉండదు, తోడేలుకూ మేలు జరగదు. నల్లమలలో చెంచు పెంటల్లోకి (చెంచుల గూడేల్లోకి) వెళ్లే రోజు వస్తే ఇవే నియమాలు ఇంకా గట్టిగా పాటించాలి. కొండచరియల మీద తేనె తీసే పని వాళ్ల బతుకు. కెమెరా కోసం అకాలంలో తాడు మీద దిగమని ఎవరినీ అడగకూడదు.

సాహసయాత్రల వైపు వెళ్లాలంటే ముందు మీరు ఆ పని నేర్చుకోవాలి. కెమెరా పట్టుకున్న మనిషి బృందానికి బరువైతే యాత్రే ఆగిపోతుంది. భువనగిరి గుట్ట మీద రాక్ క్లైంబింగ్ శిక్షణ ఉంది, గండికోటలో సాహస క్రీడల అకాడమీ ఉంది. 2014 మే 25న 13 ఏళ్ల మాలావత్ పూర్ణ ఎవరెస్ట్ ఎక్కడానికి ముందు తొలి పాఠాలు నేర్చుకున్నది భువనగిరిలోనే. ఆ పైన ఉత్తరకాశీలోని నెహ్రూ పర్వతారోహణ సంస్థ, డార్జిలింగ్‌లోని హిమాలయన్ పర్వతారోహణ సంస్థ వంటి చోట్ల సుమారు నెల రోజుల బేసిక్ కోర్సు చేయండి. అందులో ఎ గ్రేడ్ వస్తేనే అడ్వాన్స్‌డ్ కోర్సుకు తీసుకుంటారు. మీ 4 లక్షల్లో ఏదైనా కోర్సుకు పెట్టాలనుకుంటే దీనికే పెట్టమంటాను. కెమెరా పనిని మైదానంలో నేర్చుకోవచ్చు, తాడు పనిని ఒంటరిగా నేర్చుకోకూడదు.

రాతి మీద షూట్ చేసేటప్పుడు మీ తాడు వేరు, ఎక్కేవాళ్ల తాడు వేరు. 10 లేదా 11 ఎం.ఎం. స్టాటిక్ (పెద్దగా సాగని) తాడును ఒకదానిపై ఒకటి ఆధారపడని రెండు యాంకర్లకు కట్టి, పైనుంచి దిగి, ఎక్కే మనిషికి పక్కగా వేలాడుతూ తీయాలి. కింద నుంచి తీస్తే ఎక్కేవాళ్ల వీపు తప్ప ఏమీ కనబడదు, పైనుంచి అయితే ముఖం, చేతులు, కింద లోయ మూడూ దొరుకుతాయి. కెమెరా, లెన్స్ మూత, స్పేర్ బ్యాటరీ, ఫోను, ప్రతి వస్తువుకూ తాడు ఉండాలి. 30 మీటర్ల పైనుంచి జారిన లెన్స్ మూత కూడా కింద మనిషిని గాయపరచగలదు. వేలాడుతూ లెన్స్ మార్చవద్దు.

ఎత్తైన కొండల్లో 3,000 మీటర్లు దాటాక నిద్రపోయే ఎత్తు రోజుకు 500 మీటర్ల కన్నా పెరగకూడదు, మూడు నాలుగు రోజులకోసారి విశ్రాంతి రోజు ఉండాలి. షూటింగ్ షెడ్యూల్ దీనికి లోబడాలి. తలనొప్పి, వాంతులు మొదలైన మనిషిని ఇంకొక్క షాట్ అంటూ పైకి తీసుకెళ్లకండి, కిందికి దించండి. చలిలో బ్యాటరీ సగం కూడా రాదు. వాటిని చొక్కా లోపలి జేబులో పెట్టుకుని, ఒంటి వేడికి ఉంచండి. గుడారంలోకి తెచ్చే ముందు కెమెరాను బయటే జిప్ సంచీలో పెట్టి మూయండి. లేకపోతే వెచ్చని గాలిలోని తేమ లెన్స్ లోపల నీరుగా చేరుతుంది. మన వానాకాలంలో ఇదే తేమ బూజుగా మారుతుంది. ఇంట్లో గాలి చొరబడని పెట్టెలో సిలికా జెల్ వేసి, తేమ 40 నుంచి 50 శాతం మధ్య ఉంచండి.

డేటా లెక్క మొదటి రోజు నుంచే ఉండాలి. 100 మెగాబిట్ల 4కె ఫుటేజ్ గంటకు 45 జీబీ. రోజుకు మూడు గంటలంటే 135 జీబీ, 20 రోజులకు 2.7 టీబీ. దాన్ని రెండు డిస్కుల్లో పెట్టి, వేర్వేరు సంచుల్లో వేర్వేరు మనుషుల దగ్గర ఉంచాలి. ఇల్లు చేరాక మూడో కాపీ వేరే ఇంట్లో. రెండు కాపీలు తెరిచి చూసేదాకా కార్డు ఫార్మాట్ చేయవద్దు. ఆ సాయంత్రమే లాగ్ రాయండి: క్లిప్ నంబరు, వేళ, జంతువు, ఏం చేసింది, వెలుతురు, పనికొస్తుందా. ఈ పని వాయిదా వేస్తే రెండేళ్ల తర్వాత వందల గంటల ఫుటేజ్ ముందు కూర్చుని ఏది ఎక్కడుందో తెలియక సినిమానే వదిలేస్తారు. పూర్తికాని డాక్యుమెంటరీల్లో పెద్ద భాగం ఆగేది ఎడిటింగ్ గదిలోనే.

విద్యుత్తు సంగతి సులువు. 20,000 ఎంఏహెచ్ పవర్ బ్యాంక్ అంటే 74 వాట్ అవర్లు. నష్టం పోగా 16 వాట్ అవర్ల కెమెరా బ్యాటరీని మూడుసార్లు నింపుతుంది. విమానంలో అయితే స్పేర్ లిథియం బ్యాటరీలు చేతి సంచీలోనే ఉండాలి, 100 వాట్ అవర్లు దాటితే విమాన సంస్థ అనుమతి కావాలి.

పాము కాటు మైదానంలో నిజమైన ప్రమాదం. చీలమండ దాటే బూట్లు, రాత్రి టార్చ్ తప్పనిసరి. కాటు పడితే కట్టు బిగించడం, కోయడం వద్దు. అవయవాన్ని కదలనివ్వకుండా 108కి ఫోన్ చేసి, యాంటీ వీనమ్ ఉన్న ఆసుపత్రికి చేర్చాలి. ఆ ఆసుపత్రి ఏదో షూటింగ్‌కు ముందే కనుక్కుని ఉంచుకోండి.

ఆదాయం విషయంలో మెత్తగా చెప్పను. మొదటి మూడు నాలుగేళ్లు మీ సొంత సినిమా మిమ్మల్ని పోషించదు. పోషించేవి ఇతరుల సినిమాల్లో పని: కెమెరా అసిస్టెంట్, సౌండ్ రికార్డిస్ట్, డ్రోన్ పైలట్, డేటా చూసుకునే మనిషి, చోటు తెలిసిన ఫీల్డ్ అసిస్టెంట్. బయటి నుంచి వచ్చే బృందాలకు తెలుగు వచ్చి, అటవీ శాఖ పద్ధతి తెలిసి, సౌండ్ తీయగల మనిషి దొరకడం కష్టం. కెమెరామెన్ చాలామంది ఉన్నారు, ఫీల్డ్‌లో సౌండ్ తీసేవాళ్లు తక్కువ. పని దొరకడానికి ఆ దారే దగ్గర. అటవీ శాఖకు, స్వచ్ఛంద సంస్థలకు తీసే చిన్న సినిమాలు రెండో ఆధారం. మీ సినిమా 12 నిమిషాల రూపంలో సిద్ధమయ్యాక వాతావరణ్ అనే పర్యావరణ చిత్రోత్సవం, ముంబయి అంతర్జాతీయ చిత్రోత్సవం, బ్రిస్టల్‌లోని వైల్డ్‌స్క్రీన్ వన్యప్రాణి చిత్రోత్సవం, సాహస చిత్రమైతే కెనడాలోని బాన్ఫ్ పర్వత చిత్రోత్సవం చూడండి. పెద్ద సినిమాకు నిధులు వెతకడానికి డాక్‌ఎడ్జ్ కోల్‌కతా వంటి పిచింగ్ వేదికలున్నాయి. అక్కడికి తీసుకెళ్లవలసింది ఒక పేజీ సారాంశం, మూడు నిమిషాల లోపు ట్రైలర్, ఖర్చుల పట్టిక, ఆ చోటుకు మీకే ఎందుకు దారి ఉందో చెప్పే నాలుగు వాక్యాలు.

పేరు కన్నా ఫలితం ముఖ్యమనుకుంటే, గుజరాత్ తీరంలో వేల్ షార్క్‌ల వేట మీద మైక్ పాండే తీసిన సినిమా చూడదగ్గది. 2000లో వచ్చింది. 2001లో ఆ చేపను వన్యప్రాణి చట్టం మొదటి షెడ్యూల్‌లో చేర్చారు, మన దేశంలో ఆ రక్షణ పొందిన మొదటి చేప అది. నిర్ణయం తీసుకోగల మనుషుల ముందు, వాళ్లు కాదనలేని దృశ్యాలు పెట్టడం వల్ల జరిగిన పని. మీ రోళ్లపాడు సినిమాను కూడా ముందు ఆ చుట్టుపక్కల ఊళ్లలో, తర్వాత అటవీ శాఖ అధికారులకు, ఆ పైనే చిత్రోత్సవాలకు చూపించే ఆలోచనతో కట్టండి. అందుకే వ్యాఖ్యానం తెలుగులో రాయండి. గడియారం పెట్టుకుని బొమ్మ మీద గట్టిగా చదివి, బొమ్మ చెబుతున్న ప్రతి మాటనూ కొట్టేయండి. సినిమా పాట వెనక ఎక్కడో మోగినా హక్కుల సమస్య వస్తుంది. ఊళ్లో లౌడ్‌స్పీకర్ ఉంటే ఆపించి తీయండి లేదా ఆ షాట్ సౌండ్ మార్చండి. మన దేశంలో బహిరంగ ప్రదర్శనకు సెన్సార్ సర్టిఫికెట్ అవసరమన్నది కూడా ఖర్చుల పట్టికలో రాసుకోండి.

ఇతరుల కోసం తీసే ముందు ఒప్పందం చదవండి. 1957 కాపీరైట్ చట్టం 17వ సెక్షన్ ప్రకారం, ఎవరైనా డబ్బిచ్చి తీయించుకున్న సినిమాకు, వేరే ఒప్పందం లేకపోతే, మొదటి హక్కుదారు డబ్బిచ్చినవారే. అంటే రెండేళ్లు తిరిగి సంపాదించిన తోడేలు ఫుటేజ్‌ను ఒక చిన్న ప్రచార చిత్రంలో కలిపి ఇచ్చేస్తే, అది మీ చేతి నుంచి పోవచ్చు. కాబట్టి ఒప్పందంలో మూడు వాక్యాలు ఉండేలా చూడండి: వాడని ఫుటేజ్ హక్కు మీదేనని, మీ పాత ఫుటేజ్‌ను వాడుకోవడానికి మాత్రమే అనుమతి ఇస్తున్నారని, అది ఎన్నేళ్లకు, ఏ మాధ్యమానికి అన్నది. మూడోవంతు డబ్బు షూటింగ్‌కు ముందు, మూడోవంతు రఫ్ కట్ (తొలి ఎడిటింగ్ రూపం) దగ్గర, మిగతాది తుది కాపీ ఇచ్చే రోజున.